సంస్థ తరఫున లెంపలు

రేవతి కార్తె, మూడో రోజు

ఈ రోజు కోర్టులో క్షమాపణ చెప్పాను. బాగా చెప్పానట.

నా పేరు వకుళ. పెన్నగట్టు చలువ సంస్థలో నియమిత బాధ్యురాలిని. చేరి నెల కాలేదు. పది పాసై ఉండాలి, మెల్లగా మాట్లాడాలి, దైవభక్తి ఉండాలి, ఒక్క కేసు కూడా ఉండకూడదు అని ప్రకటనలో రాశారు. మా ఆయన సంజీవి అది చదివి, "నిన్ను ఎదురుగా కూర్చోబెట్టుకుని రాసినట్టుందే," అన్నాడు. పని ఏమిటో చేరాక తెలిసింది. సంస్థ కోర్టు మాట విననప్పుడు సంస్థ తరఫున నేను బోనులో నిలబడాలి. ఇదివరకు పెద్ద అధికారులే నిలబడేవారట. వారు అక్కడ నిలబడితే ఇక్కడ పనులు ఆగిపోతున్నాయని, బదులుగా ఒక మనిషిని పెట్టుకోవచ్చని చట్టం తెచ్చారు. ఆ మనిషి ఆజ్ఞ అమలయ్యేదాకా తన మాటల్లో దినచర్య రాసి కోర్టు పెట్టెలో వేయాలి. అందుకే ఇది రాస్తున్నాను.

కేసు గానుగ వీధిది. ఊళ్ళో ఇళ్ళకు చల్లగాలి తెచ్చే మా చలువ గొట్టం లేని వీధి అదొక్కటే. ఈ ఎండలు ముదిరేలోగా ఆ ఇళ్ళకు చలువ ఇవ్వమని కోర్టువారు నిరుడే చెప్పారు. సంస్థ ఇవ్వలేదు. అది కోర్టు ధిక్కరణ అని ఆ వీధిలో ఉండే పెంచలమ్మ అనే ఆవిడ మళ్ళీ అర్జీ పెట్టుకుంది.

సంస్థ లాయరు హరిణి రాసిచ్చిన కాగితం చదివాను. "జరిగిన జాప్యానికి బేషరతుగా క్షమాపణ వేడుకుంటున్నాము." చదివి ఊరుకోవలసింది. చేతులు ఊరుకోలేదు. తప్పు అన్న మాట నోట రాగానే చెంపల మీదికి వెళ్ళిపోవడం వాటికి చిన్నప్పటి నుంచీ అలవాటు. కుడి చేత్తో ఎడమ చెంప, ఎడమ చేత్తో కుడి చెంప. కళ్ళు మూసుకుని లెంపలు వేసుకున్నాను. కళ్ళు తెరిచేసరికి హాలంతా నా వంకే చూస్తోంది. న్యాయమూర్తి గారు కళ్ళద్దాలు తీసి పక్కన పెట్టారు.

"ఈ బోనులో నిజంగా బాధపడే మనిషిని ఇన్నాళ్ళకు చూశాను," అన్నారు. అశ్విని కార్తె చివరిదాకా గడువు ఇచ్చారు.

బయటికి రాగానే హరిణి నా చేయి పట్టుకుంది. "ఆంటీ, అది ఎక్కడ నేర్చుకున్నారు?"

"నేర్చుకోవడమేమిటమ్మా? తప్పు చేస్తే వేసుకుంటాం."

"అదిరిపోయింది. సార్‌కి వీడియో పంపేశాను."

సార్ అంటే సంచాలకులు విద్యాసాగర్ గారు. నేను ఇంకా చూడలేదు. సాయంత్రం ఆయన ఇంటి నుంచి కాజాల పెట్టె వచ్చింది. మా ఆయన ఒకటి నోట్లో వేసుకుని, "దేవుడి దగ్గర రోజూ ఊరికే వేసుకుంటావు. వీళ్ళు జీతం ఇచ్చి, కాజాలు కూడా పెడుతున్నారు," అన్నాడు. నవ్వాను. తర్వాత నవ్వినందుకు బాధ వేసింది.

చలువ ఇస్తామని నా నోటితో అన్నాను కనుక ఆ వీధి పూచీ నాదే అనుకుంటున్నాను.

రేవతి కార్తె, ఏడో రోజు

ఇక బయట తిరగొద్దని హెచ్చరించే సైరను, ఆ ఎండ కూత, కూసేలోగా తిరిగి రావచ్చని, పూజ త్వరగా ముగించి గానుగ వీధికి వెళ్ళాను. మా క్వార్టర్ల నుంచి నడిస్తే దూరం లేదు. చలువలో ఉండి వెళ్ళినదాన్ని, ఆ వీధి మలుపు తిరగగానే మొహం మీద పెనం పెట్టినట్టు అయింది. ఇంకా పొద్దెక్కలేదు.

ప్రతి గుమ్మానికీ తడి గోనెలు వేలాడుతున్నాయి. ఆడవాళ్ళు బొక్కెనలతో వాటి మీద నీళ్ళు చల్లుతున్నారు. వీధి మొదట్లో లావుపాటి చలువ గొట్టం వచ్చి, మూతి బిగించి ఆగిపోయింది. దాని మీద ఒక కుక్క పడుకుని ఉంది.

పెంచలమ్మ ఇల్లు ఎవరినీ అడగక్కరలేకపోయింది. ఆవిడే నన్ను గుర్తుపట్టింది.

"నువ్వే కదూ కోర్టులో లెంపలేసుకున్నామె? రా, నీడకి రా. నిలబడితే పడిపోతావు."

లోపల మంచం మీద ఆవిడ భర్త సుబ్బరాయుడు ఉన్నాడు. ఒంటినిండా తడి గోనెలు చుట్టి ఉన్నాయి. మొహం ఒక్కటే కనబడుతోంది. ఆయనకు చెమట పట్టదట. ఊరి పెద్దలుండే దొరల గుట్టకు చలువ గొట్టం వేసినప్పుడు కందకం తవ్వడానికి వెళ్ళి వడదెబ్బ తిన్నాడు. అప్పటి నుంచీ ఒంట్లో చెమట ఇంకిపోయింది. లోపలి వేడి బయటికి రాదు. గోనెలు ఆరితే మాట తడబడుతుంది.

"గానుగెద్దుకన్నా అన్యాయమైపోయినానమ్మా," అన్నాడు ఆయన. "దానికి చెమటన్నా పట్టేది."

"ఆయనకి ఏళాకోళం ఎక్కువ," అంది పెంచలమ్మ. "నిరుడు రోహిణిలో పోవాల్సినోడు. ఎట్టాగో నిలుపుకున్నా. ఈ రోహిణికి చలువ రాకపోతే నా వల్ల కాదు. అందుకే కోర్టుకెక్కినా."

"వస్తుందమ్మా. కోర్టులో చెప్పాం కదా," అన్నాను.

సుబ్బరాయుడు నా వంక చూసి, "ఏదీ, ఆ లెంపలు మాకూ ఒక తూరి చూపించు. కోర్టోళ్ళేనా మనుషులు?" అన్నాడు.

"ఊరుకోయ్యా, పెద్దామెను పట్టుకుని," అని పెంచలమ్మ కసిరింది. నాకు తల ఎత్తబుద్ధి కాలేదు. ఆవిడ ఇచ్చిన మజ్జిగ తాగి, నేనూ ఒక బొక్కెన అందుకుని గోనెలు తడిపి వచ్చాను. రోజూ వస్తానని చెప్పాను.

అశ్విని కార్తె, పదో రోజు

సంచాలకులు గారిని ఈ రోజు చూశాను. మనిషిని కాదు, ఆఫీసు గోడ తెర మీద. దొరల గుట్ట మీద ఆయన ఇల్లు. వెనకాల ఎవరో కంబళి మడత పెడుతున్నారు.

"వకుళ గారూ, నమస్తే. మీరు మా సంస్థకు దొరికిన ఆస్తి."

"అంత మాట ఎందుకు బాబూ."

"రెండో వాయిదాకి చిన్న విన్నపం. పోయినసారి లెంపలు వేసుకున్నారు. ఈసారీ అదే చేస్తే పాతబడిపోతుంది. గుంజీలు లాంటివి ఏమైనా..."

"గుంజీలు వద్దు సార్, నవ్వులాట అయిపోతుంది," అంది హరిణి.

"అయితే కన్నీళ్ళు. బలవంతమేమీ లేదు, వస్తేనే."

"బాబూ, గొట్టం పని ఎక్కడిదాకా వచ్చింది?" అని అడిగాను. రోజూ చూస్తున్నాను, ఆ మూత ఎవరూ తీయలేదు. కుక్క కూడా లేవలేదు.

ఆయన హరిణి వంక చూశాడు, పక్కింటి విషయం ఎవరో అడిగినట్టు. "అది ఇంజినీర్లు చూసుకుంటారు. మీరు మీ పని మీద దృష్టి పెట్టండి," అన్నాడు.

నా పని మీద చాలామంది దృష్టే పడింది. మధ్యాహ్నం మిగతా సంస్థల బాధ్యులను తీసుకొచ్చి మా హాల్లో వరసగా కూర్చోబెట్టారు. నీళ్ళవారు, రోడ్లవారు, బస్సులవారు. నేను ముందు నిలబడి లెంపలు వేసుకోవాలి, వాళ్ళు చూసి చేయాలి. రోడ్ల సంస్థాయన గట్టిగా కొట్టుకుని కళ్ళద్దాలు కింద పడేసుకున్నాడు. నీళ్ళ సంస్థావిడ చేయెత్తి, "మేడమ్, ఇందులో చప్పుడు ముఖ్యమా, మొహం ముఖ్యమా?" అని అడిగింది. ఆవిడ రాసుకోవడానికి పెన్ను తెరిచి పట్టుకుంది.

"తప్పు ముఖ్యమమ్మా," అన్నాను. ఆవిడ అది కూడా రాసుకుంది.

సాయంత్రం దీపం పెట్టి, పూజ చివర ఎప్పటిలాగే చేతులెత్తాను. అవి చెంపల దాకా వెళ్ళలేదు. స్వామి మొహం చూడబోతే మధ్యాహ్నం శిక్షణలో హరిణి అన్న మాటే చెవిలో మోగింది: కొంచెం నెమ్మదిగా ఆంటీ, కెమెరా ఎడమ వైపు ఉంది. హారతి ఇవ్వకుండానే లేచి వచ్చేశాను. మా అమ్మ నేర్పినది, ఎవరో ఎంగిలి చేసి తిరిగి నా చేతిలో పెట్టినట్టుంది.

అశ్విని కార్తె, చివరి రోజు

వాయిదా. ఏడవకూడదనే అనుకుని వెళ్ళాను. కాగితం చదువుతుంటే సుబ్బరాయుడి అరచేయి గుర్తొచ్చింది. నిన్న గోనె సరిచేస్తుంటే తగిలింది. పొయ్యి పక్కన పెట్టిన ఇటుకలా ఉంది. కన్నీళ్ళు వచ్చాయి. వెనక బెంచీలో హరిణి ఊపిరి పీల్చుకోవడం నాకు వినబడింది.

న్యాయమూర్తి గారు భరణి చివరిదాకా గడువిచ్చారు. "ఆవిడను ఇంకా నిలబెట్టకండి, కుర్చీ వేయండి," అన్నారు. కుర్చీ వేశారు. పెంచలమ్మ వెనక గోడకు ఆనుకుని నిలబడే ఉంది.

భరణి కార్తె, తొమ్మిదో రోజు

గొట్టం వేశారు! ఇంటింటికీ సన్న గొట్టాలు, గుమ్మం మీద తెల్లటి రెక్కల పెట్టెలు. నాలుగు రోజుల్లో అయిపోయింది. చేయదలుచుకుంటే ఇంత తేలిక పని. మొన్న సుబ్బరాయుడు మంచం మీద నుంచి ఆ పెట్టె వంక చూస్తూ, "ఇది మాట్లాడుతుందా, పాడుతుందా?" అన్నాడు. ఇంటికొచ్చి పరమాన్నం వండి స్వామికి పెట్టాను.

ఈ రోజు తెల్లవారగానే వెళ్ళాను. పెంచలమ్మ గుమ్మంలో కూర్చుని ఉంది. భుజాల మీద దుప్పటి.

"ఏమ్మా, జ్వరమా?"

"జ్వరం లేదు, గిరం లేదు. నీ చలువ వచ్చిందమ్మో. చుక్క పొడవక ముందు వచ్చింది. పళ్ళు కొరుక్కుని వణికినాం. ఈయనకి ఉన్న దుప్పట్లన్నీ కప్పినా. మీవాళ్ళు నలుగురు వచ్చి, గోడకి ఏదో కొలత పుల్ల ఆనించి, ఫోటోలు తీసుకున్నారు. పొద్దు పొడిచేసరికి కట్టేసి పోయినారు."

"మళ్ళీ ఎప్పుడు వస్తుందన్నారు?"

"రేపు తెల్లారుజామునంట. రోజూ ఒక గంట."

ఆఫీసుకు వెళ్ళి హరిణిని అడిగాను. ఆ పిల్ల నా వంక చూడకుండానే చెప్పింది. "ఆజ్ఞలో 'చలువ అందించాలి' అని ఉంది ఆంటీ. ఎప్పుడు అని లేదు. మధ్యాహ్నం ఇస్తే దొరల గుట్ట మీద గొట్టాల్లో ఒత్తిడి తగ్గుతుంది. అక్కడివాళ్ళు ఒప్పుకోరు."

"అయితే చలి పెట్టేటప్పుడు చలువ ఇస్తారా?"

"ఇచ్చాం కదా. రిపోర్టులో పద్దెనిమిది డిగ్రీలు వచ్చింది. చాలా మంచి అంకె."

ఆ అంకె చూపించింది. పక్కన ఫోటోలో సుబ్బరాయుడు మంచం మీద దుప్పట్లలో ఉన్నాడు. కింద 'లబ్ధిదారు' అని రాశారు.

ఇంట్లో మా ఆయన చలువ తగ్గించమని గోడ మీట నొక్కుతున్నాడు. భుజాలు చల్లబడ్డాయట. ఆ మాట విని నేను స్నానాల గదిలోకి వెళ్ళి తలుపు వేసుకున్నాను. నా ఒంటి మీది చలువ కూడా నాకు రోతగా ఉంది.

కృత్తిక కార్తె, రెండో రోజు

హరిణి 'ఆజ్ఞ పూర్తిగా అమలైనది' అని నివేదిక ఇచ్చింది. పెంచలమ్మకు లాయరు లేడు. తనే లేచింది.

"అయ్యా, తెల్లారుజామున చలికి వణకతా ఉండాం, మిట్టమధ్యాన్నం ఎండకి మాడతా ఉండాం. ఇదివరకు ఒక బాధే. ఇప్పుడు మీ దయవల్ల రెండు."

హాల్లో నవ్వులు. న్యాయమూర్తి గారు నవ్వలేదు. ఆయనకు కోపం వచ్చింది. ఆయన చెడ్డవారు కాదు. "ఎండ కూత నుంచి సాయంత్రం దిగు కూత దాకా చలువ ఉండాలి. అర్థమైందా? సంస్థను ఇప్పుడే శిక్షించాలి నేను," అన్నారు.

హరిణి నా మోచేయి నొక్కింది. లేచాను. కాగితం చదివాను. లెంపలు వేసుకున్నాను. చేతులకు ఇప్పుడు నాతో పని లేదు, వాటంతట అవే చేస్తున్నాయి. న్యాయమూర్తి గారి మొహం మెత్తబడటం కళ్ళారా చూశాను.

"ఈమె మొహం చూసి ఆఖరి అవకాశం. రోహిణి మొదటి రోజు," అన్నారు.

నా మొహం చూసి. నా మొహం చూసి ఇచ్చిన ప్రతి గడువూ ఆ మంచం మీద ఎండై పడుతోంది. బయట మెట్ల మీద పెంచలమ్మ నన్ను దాటిపోతూ, "నువ్వు మంచిదానివేలే తల్లీ. అదే వచ్చింది తంటా," అంది. తిట్టినట్టు అనలేదు. అలసిపోయి అంది.

కృత్తిక కార్తె, పన్నెండో రోజు

సుబ్బరాయుడు పోయాడు.

ఈ రోజు ఎండ కూత కూసినా నేను ఇంటికి తిరిగి రాలేదు. గోనెలు తడిపిన పావుగంటకే ఆరిపోతున్నాయి. కొళాయి నీళ్ళు పొగలు కక్కుతున్నాయి. పక్కిళ్ళవాళ్ళు తాగడానికి దాచుకున్న కుండల్లోని నీళ్ళు తెచ్చి పోశారు. ఆయన మాట తడబడింది. తర్వాత కందకం తవ్వుతున్నట్టు మాట్లాడాడు. "ఇంకొంచెం లోతు, ఇంకొంచెం లోతు," అన్నాడు. తర్వాత అది కూడా లేదు.

తల మీద తెల్ల పెట్టె అలాగే ఉంది. దాని రెక్కలు మూసి ఉన్నాయి. పెంచలమ్మ ఏడవలేదు. చేట తీసుకుని ఆయన మొహానికి విసురుతూనే ఉంది. "ఇక చాలమ్మా," అని నేను చేట పట్టుకుంటే, "చాలా? ఎట్టా చాలు?" అంది.

కృత్తిక కార్తె, పదమూడో రోజు

హరిణి మా క్వార్టర్‌కు వచ్చింది. చేతిలో ఒక కాగితం, ఒక తెల్ల చీర. చీర ఇంకా మడత విప్పలేదు.

కాగితంలో ఇలా ఉంది: అర్జీదారు భర్త అనారోగ్యాన్ని అత్యవసర కారణంగా చూపారు. ఆయన మరణించినందున ఆ అత్యవసరం ఇప్పుడు లేదు. కనుక వచ్చే ఏడాది దాకా గడువు ఇవ్వగలరు.

రెండుసార్లు చదివాను. నాకు అర్థం కాక కాదు. మనిషి రాసిన మాటేనా అని.

"ఇది నువ్వే రాశావా అమ్మా?"

"సార్ చెప్పారు, నేను రాశాను." ఆ పిల్ల చీర బల్ల మీద పెట్టింది. "రేపు ఈ చీర కట్టుకోమన్నారు. ముందు సంతాపం, తర్వాత క్షమాపణ. లెంపలు... మామూలుగానే."

"వేసుకోకపోతే?"

"ఆంటీ, అలా అనకండి."

"అడుగుతున్నాను. చెప్పకపోతే ఏమవుతుంది?"

హరిణి కుర్చీ అంచున కూర్చుంది. "బాధ్యులు క్షమాపణ నిరాకరిస్తే, చెప్పేదాకా జైలు. అప్పుడు సంస్థ పెద్ద స్వయంగా రావాలి. చట్టంలో ఉంది. ఎవరూ ఎప్పుడూ నిరాకరించలేదు. అందుకే కదా మీలాంటి వాళ్ళను..." అని ఆగిపోయింది.

"మెత్తగా ఉంటామని తీసుకుంటారు."

ఆ పిల్ల చీర బల్ల మీద వదిలి వెళ్ళిపోయింది.

మా ఆయన అంతా వింటూనే ఉన్నాడు. "ఉద్యోగం పోతే క్వార్టరు పోతుంది. రోహిణిలో వీధిన పడతాం," అన్నాడు.

"పడతాం."

"జైల్లో నీకు మడీ తడీ కుదరవు."

"కుదరవు."

ఆయన లేచి బల్ల దగ్గరికి వెళ్ళాడు. తర్వాత ఆ తెల్ల చీరను రెండు వేళ్ళతో పట్టుకుని, చచ్చిన బల్లిని తీసినట్టు తీసుకెళ్ళి గుమ్మం బయట పెట్టి వచ్చాడు. "గోనెసంచులు ఎక్కడ దొరుకుతాయో కనుక్కుంటాను," అన్నాడు.

రోహిణి కార్తె, మొదటి రోజు

నా పసుపు చీరే కట్టుకుని వెళ్ళాను.

హరిణి కాగితం చదివింది. 'అత్యవసరం ఇప్పుడు లేదు' అన్న చోట తల కాగితం మీదికి వంచుకుంది. కానీ చదివింది. న్యాయమూర్తి గారు నా వైపు తిరిగారు. ఆయన మొహం అప్పటికే మెత్తబడటానికి సిద్ధంగా ఉంది.

"అమ్మా, సంస్థ తరఫున మీరేం చెబుతారు?"

"ఏమీ చెప్పనయ్యా."

"క్షమాపణ?"

"చెప్పను."

హాల్లో ఎవరో దగ్గారు. "గట్టిగా చెప్పండి," అన్నారు న్యాయమూర్తి గారు. నాకు గట్టిగా మాట్లాడటం రాదు. ఉన్న గొంతుతోనే చెప్పాను.

"చెప్పనయ్యా. మా ఇంట్లో లెంపలు వేసుకుంటే ఆ తప్పు అక్కడితో ఆగాలి. ఇక్కడ నేను లెంపలు వేసుకున్న ప్రతిసారీ ఆ తప్పుకు ఇంకో పక్షం ఆయుష్షు పోస్తున్నారు. పెంచలమ్మ భర్త పోయిన రోజు నేను అక్కడే ఉన్నాను. అత్యవసరం లేదని ఈవిడ చదివింది. ఆ వీధిలో ఇంకా పసిపిల్లలున్నారు, బాలింతలున్నారు. వాళ్ళు కూడా పోతే అప్పుడు కేసే ఉండదు. మీరు నా మొహం చూసి గడువిచ్చారు. నా మొహం చూడకండి. అది సంస్థ అద్దెకు తీసుకున్నది."

"మాటలు జాగ్రత్త. మీరు కోర్టును తప్పుపడుతున్నారు."

"అవునయ్యా."

ఆయన మొహం ఎర్రబడింది. కళ్ళద్దాలు సర్దుకున్నారు. తర్వాత, చెప్పేదాకా జైలు అన్నారు. సంచాలకులు రేపు స్వయంగా హాజరు కావాలన్నారు. ఆ రెండో మాట రాసుకునే గుమాస్తా తల ఎత్తి, "స్వయంగానా అండీ?" అని అడిగాడు.

"స్వయంగా. మనిషి. తెర కాదు."

నన్ను తీసుకెళ్తుంటే హరిణి "సారీ ఆంటీ" అంది. ఆ మాట వినగానే మొహం తిప్పుకున్నాను. ఆ పిల్ల తప్పు కాదు. ఆ మాటే కుళ్ళిపోయింది.

రోహిణి కార్తె, ఐదో రోజు

ఆడవాళ్ళ జైలు. చలువ లేదు. గోడలు మందం కనుక బతకవచ్చు. నాతో పాటు ఉన్న ఇద్దరు నన్ను 'లెంపలమ్మ' అంటున్నారు. అననీ.

ఈ రోజు పెంచలమ్మ చూడటానికి వచ్చింది. కటకటాల అవతల కింద కూర్చుంది, నేను ఇవతల కూర్చున్నాను. జైలు అధికారిణి సరస్వతమ్మ పక్కనే నిలబడి ఉంది.

"వచ్చింది," అంది పెంచలమ్మ. "చలువ."

"నిజంగానా? మధ్యాహ్నం పూటా?"

"మిట్టమధ్యాన్నం. మీ సార్ వచ్చినాడు కోర్టుకి. లావుపాటి మనిషి. బోనెక్కి, చేతులిట్టా పైకెత్తి లెంపలేసుకోబోయినాడు. జడ్జిగారు 'చేతులు దించండి' అని అరిచినాడు. నేను అదిరిపోయినా. 'ఈ అర్జీదారు ఇంటికి పోయి కూర్చోండి. చలువ వచ్చేదాకా లేవకూడదు' అన్నాడు. ఇద్దరు పోలీసోళ్ళు తెచ్చి మా ఇంట్లో, ఈయన మంచం మీదే కూర్చోబెట్టినారు."

"తర్వాత?"

"అప్పుడే పొయ్యి మీద ఎసరు పెట్టినా. ఆయన చొక్కా గుండీలు ఇప్పుకున్నాడు. ఇసనకర్ర అడిగినాడు. నీళ్ళడిగినాడు, ఇచ్చినా. తర్వాత జేబులోంచి ఫోను తీసి, 'గుట్ట మీద గొట్టం చక్రం తిప్పండయ్యా' అన్నాడు. అంతే. నా ఎసరు కాగక ముందే పెట్టె రెక్కలు తెరుచుకున్నాయి."

ఆవిడ కొంగుతో మొహం తుడుచుకుంది.

"ఒక ఫోను," అంది పెంచలమ్మ. "ఒకే ఒక్క ఫోను తల్లీ. అది ఆ జేబులోనే ఉండాది ఇన్నాళ్ళూ."

కార్తెలకు కార్తెలు, వాయిదాలకు వాయిదాలు, గొట్టాలు, కొలత పుల్లలు, ఫోటోలు, నా కన్నీళ్ళు, తెల్ల చీర. ఒక చక్రం తిప్పడానికి అడ్డంగా ఇంత పేర్చారు. అందులో అన్నింటికన్నా మెత్తగా ఉన్నది నేను.

సరస్వతమ్మ ఒక కాగితం నాకు అందించబోయింది. "ఇదిగో, ఒక్క వాక్యం. సంతకం పెట్టు, సాయంత్రానికి ఇంటికి పోతావు. ఆజ్ఞ అమలైపోయింది కదా."

"అమలైతే ఇంక క్షమాపణ దేనికి?"

"అది వేరు, ఇది వేరు. చెప్పనన్నావు చూడు, అందుకు. మీ సంస్థ నుంచి కూడా కబురొచ్చింది. సంతకం పెడితే ఉద్యోగం ఉంటుందట. కొత్తవాళ్ళకి శిక్షణ ఇచ్చే పెద్ద ఉద్యోగం."

"వాళ్ళ సంచాలకులు?"

"ఆయనా? ఇంటికి పోయాడు. చలువ ఇచ్చాడుగా."

పెంచలమ్మ కమ్మీల మధ్య నుంచి నా చేయి పట్టుకుంది. "పెట్టెయ్యి తల్లీ. మాటేగా. ఈ కొంపలో ఎందుకు నీకు? నా కోసం పెట్టు."

నేను ఆవిడ చేయి వదలకుండా, ఆవిడ మొహంలోకి చూసి చెప్పాను. చేతులు పైకి లేవలేదు. లేపదలుచుకోలేదు.

"పెంచలమ్మా, నీ భర్త మంచం మీద ఉడికిపోతుంటే నేను మూడుసార్లు కోర్టులో నిలబడి, వాళ్ళకు గడువు సంపాదించి పెట్టాను. మొదటిసారి తెలియక. రెండోసారి అనుమానం ఉండి. మూడోసారి తెలిసే. తప్పు చేశాను."

పెంచలమ్మ నా చేయి వదిలింది. నేల మీద వేలితో గీస్తూ కూర్చుంది. లేచి వెళ్ళిపోతుందేమో అనుకున్నాను. క్షమించానని మాత్రం అనలేదు. అనాలని నేను అడగనూ లేదు.

"విన్నా," అంది చివరికి. లేచి కొంగు దులుపుకుంది. "ఎండ కూత కూసేస్తారు. రేపు మజ్జిగ తెస్తా." గోడ నీడ పట్టుకుని వెళ్ళిపోయింది.

సరస్వతమ్మ కాగితం ఇంకా నా వైపే పట్టుకుని ఉంది. "మరి నీ సంగతి?"

"చెప్పవలసిన మనిషికి చెప్పానమ్మా. మీరు విన్నారుగా."

"అది లెక్కలోకి రాదు," అంది సరస్వతమ్మ. కాగితం మోకాలి మీద పెట్టుకుని, నా పేరుకు ఎదురుగా 'క్షమాపణకు నిరాకరించినది' అని రాసుకుని వెళ్ళిపోయింది.